ఇరవై ఎనిమిదో గొలుసు

తొమ్మిదో నంబరు రాయి నుంచి పదో నంబరు రాయికి దూరం 4,312 అడుగులు. 1960 ఏప్రిల్‌లో ఒక గురువారం ఉదయం ఏడు గంటల నలభై నిమిషాలకు మొదలుపెట్టి, తొమ్మిది గంటల ఐదు నిమిషాలకు ఆ కొలత పూర్తిచేశాం. అదే రోజు పదకొండుంబావుకు పదో రాయి దగ్గర బయలుదేరి, అదే గీత మీద, అదే గొలుసుతో, అదే మనుషులతో తొమ్మిదో రాయికి తిరిగి కొలుచుకుంటూ వచ్చాం. ఒంటి గంటకు నాలుగు నిమిషాలు తక్కువగా ముగించాం. ఈసారి తేలిన దూరం 4,412 అడుగులు. తేడా సరిగ్గా నూరు అడుగులు; ఒక్క అంగుళం అటూ ఇటూ లేదు.

ఆ రెండు రాళ్ళు వత్సవాయికి ఆగ్నేయంగా మూడు మైళ్ళలో, జొన్న కోసేసిన మెట్ట చేలల్లో ఉండేవి. రాబోయే కాలువకు దారి చూసిపెట్టడం మా పని. నాకు అప్పుడు ఇరవై నాలుగేళ్ళు; ఇంజనీరింగు డిప్లొమా చేతికొచ్చి రెండేళ్ళయింది. జగ్గయ్యపేటలో ఒక బియ్యం కొట్టు మీది గదిలో అద్దెకుండేవాణ్ణి. ప్రతి శనివారం పదిహేడు మైళ్ళు బస్సులో నందిగామ వెళ్ళి, ఆ వారం ఫీల్డు బుక్కు పై అధికారికి చూపించి, సంతకం చేయించుకుని రావాలి.

గొలుసుతో కొలవడం చూడనివారికి రెండు మాటలు చెప్పాలి. మా గొలుసు పొడవు నూరు అడుగులు. అడుగుకు ఒక లింకు చొప్పున నూరు లింకులు, రెండు కొసలా ఇత్తడి పిడులు. ముందు మనిషి ఒక పిడి పట్టుకుని, పది ఇనుప పుల్లలు తీసుకుని నడుస్తాడు. వెనక మనిషి రెండో పిడి పట్టుకుని నిలబడతాడు. గొలుసు బిగిసిన చోట ముందు మనిషి ఒక పుల్ల నాటి, లెక్క పైకి చెప్పి, ముందుకు సాగుతాడు. వెనక మనిషి ఆ పుల్ల దగ్గరకు వచ్చి దాన్ని పీకి చేతిలో వేసుకుంటాడు. పది పుల్లలు వెనక మనిషి చేతికి చేరితే వెయ్యి అడుగులు. పుల్ల నాటకుండా పిడి వదలకూడదు. నాటిన పుల్ల లెక్కలోకి రాకుండా పోకూడదు. మా పని నియమాలు ఈ రెండే.

ముందు గొలుసు పట్టే ఆయనకు యాభై రెండేళ్ళు. మేమంతా పెద్దాయన అనేవాళ్ళం. ఊరు అక్కడికి మైలున్నర. ఆ గీత పోయే చేలల్లోనే రెండున్నర ఎకరాలు ఒకప్పుడు ఆయనవి. ఉన్న కొద్ది పొలం పని వేసవిలో ఉండదు కనక మా దగ్గర కూలికి వచ్చేవాడు. మాట తక్కువ, కాలు సాగదీసి వేసే నడక. ఆయనకు ఒక అలవాటు ఉండేది. మా వైపు వడ్లు కొలిచేటప్పుడు మొదటి కుంచాన్ని ‘ఒకటి’ అనరు, ‘లాభం’ అంటారు. తరవాత రెండు, మూడు వరసగా వస్తాయి. పెద్దాయన కూడా మొదటి పుల్ల నాటగానే ‘లాభం’ అనేవాడు. కళ్ళంలో కొలిచినంత నిదానంగా, పాటలా చెప్పేవాడు. వెనక గొలుసు మనిషి జగ్గయ్యపేట వాడు, ముప్పై దాటినవాడు. పెద్దాయన్ని మామా అని పిలుస్తూ రోజంతా ఏదో ఒకటి అంటూ ఉండేవాడు.

ఆ గురువారం తిరుగు కొలతప్పుడు నేను గీతకు పక్కగా ఆరువందల అడుగుల దూరంలో గొడుగు కింద కూర్చుని లెవెళ్ళు, అంటే నేల ఎత్తుపల్లాల అంకెలు, కూడుతున్నాను. చెవికి లెక్క మాత్రమే వినపడుతోంది. నలభై మూడు గొలుసుల పన్నెండు అడుగులు రావలసింది నలభై నాలుగు గొలుసుల పన్నెండు అడుగులు వచ్చింది. వెనక మనిషి చేతిలోని పుల్లలు కూడా అదే లెక్క చెప్పాయి. నేను గమనించి, కారణం వెతకని విషయాలు ఇంకో రెండున్నాయి. ఉదయం ఎనభై ఐదు నిమిషాలు పట్టిన పనికి మధ్యాహ్నం నూటొక్క నిమిషం పట్టింది. ఎండ వల్ల అనుకున్నాను. గొలుసు ముందు కొస ముప్పై ఏడు లింకులకు నల్లమట్టి తడిగా అంటుకుని ఉంది. మైలు దూరంలో నీటి చుక్క లేని చేను అది. రిమార్కుల గడిలో ‘గొలుసు తడి’ అని రాసి ఊరుకున్నాను.

శనివారం నందిగామలో మా అధికారి ఆ పేజీ చూసి నవ్వాడు. పెద్దాయన అలవాటు ఆయనకు ఎవరో చెప్పే ఉన్నారు.

“మీవాడు లాభం అంటాడు, మళ్ళీ ఒకటి అంటాడు. అక్కడ పడిందయ్యా నీ నూరడుగులు. కాలవకి కొలవమంటే వడ్లు కొలుస్తున్నారు మీరు.”

ఆ వివరణ ఎంత నిండుగా తోచిందంటే, అక్కడే ఆయన కలంతోనే 4,412 మీద ఒక గీత గీసి, పైన 4,312 అని రాసి, పక్కన పొడి అక్షరాలు వేశాను. తిరుగు బస్సులో కంచికచర్ల నుంచి వచ్చిన మిరప బస్తాల మధ్య కూర్చుని హాయిగా నిద్రపోయాను కూడా. పెద్దాయన ఉదయం కూడా లాభం అనే మొదలుపెట్టాడు. ఆ అలవాటే తప్పైతే ఆ తప్పు రెండు కొలతల్లోనూ ఉండాలి. అప్పుడు తేడా రాకూడదు. ఇంత చిన్న తర్కం నాకు ఆ శనివారం తట్టలేదు. ఆదివారమూ తట్టలేదు.

సోమవారం పొద్దున్నే పెద్దాయనతో, ఇకనుంచి ఒకటి అనే మొదలుపెట్టాలనీ, లేకపోతే వేరే మనిషిని పెట్టమన్నారనీ చెప్పాను. ఆయన తలపాగా విప్పి మళ్ళీ చుట్టుకున్నాడు.

“నా లెక్క తప్పలేదండి. నాటిన పుల్లే చెప్పా. కావాలంటే ఇయ్యాల మళ్ళీ కొలవండి. అదే వేళకి, అటునించే.”

అదే వేళకి అని ఎందుకన్నాడని అడిగాను. ఆయన పుల్లలు లెక్కపెట్టుకోవడం మొదలుపెట్టాడు. వెనక మనిషిని విడిగా పిలిచి గురువారం ఏం జరిగిందో చెప్పమంటే నసిగాడు.

“ఇరవై ఏడో పుల్ల కాడ గొలుసు చాలాసేపు కదల్లేదండి. నేను తలమీద తువ్వాలేసుకుని ఎండకి వీపు పెట్టి కూర్చున్నా. మామ ఒంటికి పోయాడనుకున్నా. అయినా అంతసేపు ఎవడు పోతాడండీ? తరవాత బురదకాళ్ళతో వచ్చి చేతిలో ఓ పుల్ల పెట్టి, ఇది ఇరవై ఎనిమిది, లెక్కలో కలుపుకో అన్నాడు. మళ్ళా ఇరవై ఏడు కాణ్ణించే లాగాం. దాన్ని ఇరవై తొమ్మిదన్నాడు.”

దొంగలెక్క దొరికిందనుకున్నాను. ఈసారి ఆయన చేతులు చూస్తూ ఉండాలని, ఎత్తులు చూసే పరికరం లెవెల్‌ని గీతకు పక్కగా నూటయాభై అడుగుల దూరంలో బిగించి, దాని దుర్భిణిని ఇరవై ఏడో పుల్ల పడే చోటికి తిప్పి పెట్టుకున్నాను. ఆనాటి లెవెళ్ళలో బొమ్మ తలకిందులుగా కనిపిస్తుంది. నెల తిరిగేసరికి కన్ను దానికి అలవాటుపడిపోతుంది. గడియారాన్ని ఫీల్డు బుక్కు మీద పెట్టుకున్నాను.

పన్నెండు గంటల పదకొండు నిమిషాలకు పెద్దాయన ఇరవై ఏడో పుల్ల దాటి గొలుసు లాగుతూ నడిచాడు. అరవై అడుగుల వరకు కంటికి కనిపించాడు. ఆ తరవాత లేడు. చేను ఎండలో ఖాళీగా, పదో రాయి నుంచి చివరి గట్టు దాకా చదునుగా ఉంది. గొలుసు మాత్రం నేల మీద ఉంది. లింకులకు మధ్య మధ్య లెక్క కోసం ఇత్తడి బిళ్ళలు కట్టి ఉంటాయి. వాటిని బట్టి చూశాను. అరవై మూడో లింకు దాకా ఉంది. అరవై నాలుగోది లేదు. తెగి పడి ఉన్నట్టు లేదు. అవతల ఎవరో పట్టుకున్నట్టు బిగిసి, నేలకు జానెడు ఎత్తున అలా ఆగిపోయి ఉంది.

దుర్భిణికి కన్ను ఆనించాను. తలకిందులుగా పచ్చటి జొన్నచేను. కింద ఆకాశం, పైన నేల. ఆ పైన మోట బావి, తిరుగుతున్న గిలక, కాలవలో పారుతున్న నీళ్ళు. పెద్దాయన మోకాలి లోతు పైరులో పిడి పట్టుకుని నిలబడి ఉన్నాడు. ఆయనకు ఎదురుగా ఇంకొక మనిషి, ఆయన కంటే నాలుగైదేళ్ళు చిన్న, ఒక చెవికే పోగు. ఇద్దరూ మాట్లాడుకుంటున్నారు. కన్ను తీసి చూశాను. ఖాళీ చేను. మళ్ళీ ఆనించాను. ఉన్నారు. ఇలా ఏడుసార్లు చూశాను; ఏడుసార్లూ అంతే. దుర్భిణి అద్దం తుడిచాను. తుడిచేటప్పుడు స్టాండు కదిలి, మట్టం చూపే బుడగ మధ్యలో నుంచి జరిగితే సరిచేశాను.

పన్నెండు ఇరవై ఆరుకు అరవై మూడో లింకు నా కళ్ళ ముందే అరవై ఒకటో లింకు అయింది. అవతలి భాగం ఇవతలికి రావలసింది పోయి, ఇవతలిది అవతలికి జారుతోంది. లాగమని వెనక మనిషికి అరిచాను. వాడు రెండు కాళ్ళూ మట్టిలో తన్నిపెట్టి లాగాడు. గొలుసుతో పాటు పెద్దాయన మోకాళ్ళ మీద పడుతూ ఇవతలికి వచ్చాడు. గడియారం పన్నెండు ఇరవై ఏడు. దుర్భిణిలో కూడా ఇప్పుడు ఖాళీ చేనే, తలకిందులుగా.

వెనక మనిషి గొలుసు వదల్లేదు. “మామా, ఏందిది? నీ వయసేంది, నా గుండెకాయేంది?” అన్నాడు. పెద్దాయన కాలి వేళ్ళ సందుల్లో నల్లమట్టి, పంచె అంచుకు జొన్నాకు ముక్క. కుండలో నీళ్ళు తాగి, చెప్పాడు.

ఆయన చెప్పింది అర్థం కావాలంటే ముందు తెలియవలసిన సంగతి ఒకటి ఉంది. అది ఆ ఊళ్ళో అందరికీ తెలుసు. పన్నెండేళ్ళ కిందట, అప్పటి సంస్థానం సరిహద్దు అవతల గొడవలు జరుగుతున్న రోజుల్లో, గరికపాడు దాటి ఎడ్లు కొనుక్కు రావడానికి పెద్దాయన వెళ్ళవలసింది. కాలికి నాగలి కర్రు గుచ్చుకుని ఉండటంతో తమ్ముణ్ణి పంపాడు. తమ్ముడు తిరిగి రాలేదు. వెతకడానికి ఆ రెండున్నర ఎకరాలూ అమ్మాడు. ఆరేళ్ళ కిందట ఆయన భార్య జబ్బుచేసి పోయింది. ఇప్పుడు ఇంట్లో ఉన్నది ఆయన, తమ్ముడి భార్య. ఆమె బొట్టూ గాజులూ తీయలేదు. మనిషి కనపడకుండా పన్నెండేళ్ళు నిండితే పోయినట్టే లెక్కించి కర్మ చేస్తారు. జ్యేష్ఠ మాసంతో పన్నెండు నిండుతాయి. ఆమె పుట్టింటివాళ్ళు రెండుసార్లు వచ్చి, అది చేసేసి పిల్లకు ఒక దారి చూపించమని అడిగిపోయారు.

“తమ్ముడండి,” అన్నాడు పెద్దాయన. “గురువారం చూసి భ్రమనుకున్నా. ఇయ్యాల మాట్టాడా. అక్కడ కర్రు గుచ్చుకోలేదంట బాబూ. నేనే ఎళ్ళానంట ఎడ్లకి. రానిది నేను. పొలం వాడు అమ్మలేదు, బావి తవ్వాడు. మేం తవ్వుదాం అనుకున్న చోటే.” గొంతు తగ్గించి అన్నాడు: “మా ఆడమనిషి బతికే ఉందంట. బొట్టు తీయలేదంట. జ్యేష్ఠంలో నాకు కర్మ చేస్తన్నారు.”

మేం ముగ్గురం పనిముట్లు సర్దుకున్నాం. ఆ తరవాత నేనూ వెనక మనిషీ ఆ చోటికి నడిచి వెళ్ళి, అటూ ఇటూ తిరిగి, పలుగుతో తవ్వి కూడా చూశాం. ఏమీ లేదు. మర్నాడు అదే వేళకు ఇద్దరమే నడిచి వెళ్ళాం, అప్పుడూ లేదు. పదో రాయి నుంచి ఒక్కొక్క గొలుసూ వేసుకుంటూ వస్తేనే ఆ చోటు తెరుచుకుంటోంది. తెరిచి ఉండేది పదహారు నిమిషాలు. ఉదయానికీ మధ్యాహ్నానికీ నాకు తేలిన తేడా కూడా అదే పదహారు నిమిషాలు. మంగళవారం రాత్రి ఫీల్డు బుక్కు తెరిచి, నేను కొట్టేసిన అంకె చూశాను. చదువు నేర్పినవాళ్ళు చెప్పినదంతా ఆ ఒక్క గీత కింద ఉంది. ఉన్నదాన్ని ఉన్నట్టు రాయాలి. కారణం తెలియకపోతే తెలియదని రాయాలి. నేను ఆ రెండూ చేయలేదు.

బుధవారం పెద్దాయన ఒక్కడే రాలేదు. ముప్పై ఐదేళ్ళ మనిషి ఆయన వెనక నడిచి వచ్చింది. ముదురాకుపచ్చ నేత చీర, రెండు చేతులకూ మోచేతి దాకా గాజులు. మరదలండి, చూస్తానంది అన్నాడు. ఇది ప్రభుత్వ పని, బయటి మనుషుల్ని గీత మీదికి రానివ్వకూడదు అనే మాట నా నోటిదాకా వచ్చి ఆగిపోయింది. ఒక్క షరతు పెట్టాను. పన్నెండు ఇరవై నాలుగుకు నేను పిలుస్తాను, పిలవగానే ఇవతలికి రావాలి. పెద్దాయన తల ఊపలేదు, అడ్డంగానూ తిప్పలేదు.

పదకొండుంబావుకు పదో రాయి దగ్గర మొదలుపెట్టాం. లాభం అన్నాడు పెద్దాయన. నేను సరిదిద్దలేదు. ఆమె గీతకు నాలుగు గజాల పక్కగా, ప్రతి పుల్ల దగ్గరా ఆగుతూ మాతో నడిచింది. ఆ ఇరవై ఏడు గొలుసులూ నేను జీవితంలో కొలిచిన వాటన్నిటిలోకీ పొడుగైనవి. వెనక మనిషి ఆ రోజు ఒక్క పరిహాసం ఆడలేదు. తువ్వాలుతో గొలుసు పిడిని తన మణికట్టుకు కట్టుకున్నాడు.

పన్నెండు గంటల పదకొండుకు పెద్దాయన అరవై మూడో లింకు దాటి కనపడకుండా పోయాడు. నేను ఆమెను లెవెల్ దగ్గరకు తీసుకువెళ్ళి కన్ను ఎక్కడ ఆనించాలో చూపించాను.

“తలకిందులుగా ఉన్నారేంటండీ అందరూ?”

అద్దం గుణం అది, మనుషులు సరిగానే ఉన్నారు అని చెప్పాను. ఆ తరవాత ఆమె నాలుగు నిమిషాలు చూసింది. నేను గడియారం చూస్తున్నాను కనక తెలుసు. ఆమె చూస్తుండగా చేతి గాజులు స్టాండుకు తగిలి సన్నగా మోగుతూనే ఉన్నాయి. మధ్యలో, ఒక చెవికే పోగు, అంది, తనకు తాను. ఇంకాస్త సేపటికి, అన్నం గంప తెస్తన్నది ఎవరండీ, అని అడిగి, నేను జవాబు చెప్పేలోపే తనే చెప్పింది. “నేనే.”

పన్నెండు పదిహేడుకు పెద్దాయన తనంతట తాను ఇవతలికి వచ్చాడు. పిడి చేతిలోనే ఉంది. ఆమె ఎదురు వెళ్ళి ఇరవై ఏడో పుల్ల దగ్గర నిలబడింది. నేనూ పరుగెత్తాను.

“వాణ్ణి రమ్మన్నా అమ్మాయ్. కాళ్ళు పట్టుకోబోయా. రానంటన్నాడు. నా ఇల్లు ఇక్కడే గదా అన్నా అంటన్నాడు.”

“ఎట్టా వత్తారు? ఆయన పక్కన నేనున్నాగా అక్కడ.”

“నువ్వన్నా రా. ఓ పది నిమిషాలు దగ్గరగా చూసుకుందువుగాని.”

“ఒకింట్లో ఇద్దరు నేనుల్నేం చేసుకుంటారు బావగారూ?” అంది. నవ్విందని ఇప్పటికీ నా అనుమానం. “ఉన్నారు. చూసా. నాకది చాలు. అక్క కనపడిందా మీకు?”

గట్టు మీద కూర్చుని ఉంది, చూపు ఆనట్లేదంట, నా గొంతు విని లేచి నిలబడింది, అని పెద్దాయన తన భార్య గురించి ముక్కలు ముక్కలుగా చెప్పాడు. పన్నెండు పంతొమ్మిది అయిందని నేను చెప్పాను.

“నువ్వు ఏమంటే అదే అమ్మాయ్,” అన్నాడు. “ఉండమంటే ఉంటా. వాణ్ణి పంపింది నేను. నిన్నొదిలి పోతే రెండోసారి అదే పని చేసినట్టు.”

ఆమె ఒంగి, ఆయన పంచె అంచుకు పట్టిన జొన్నాకు తీసింది. దాన్ని మడిచి కొంగున ముడివేసుకుంది.

“ఎదురు చూడటం ఎట్టా ఉంటదో నాకు తెలుసు బావగారూ. అది అక్కకెందుకు? ఎళ్ళండి. నేను ఈ ఊళ్ళోదాన్నే, నాకేం భయం.”

పన్నెండు ఇరవై ఒకటికి పెద్దాయన మళ్ళీ నడిచాడు. ఆపవలసినవాణ్ణి నేను. అక్కడ అధికారం ఉన్నది నా ఒక్కడికే. షరతు పెట్టినవాణ్ణీ నేనే. నేను లెవెల్ దగ్గరకు వెనక్కి వెళ్ళాను. దుర్భిణిలో ఆయన పైరు దాటి బావి గట్టు వైపు తిరగడం, గట్టు మీద ఎర్రటి చీరలో ఒక మనిషి చేతులు చాచి గాలిలో తడుముకోవడం చూశాను. ఇరవై నాలుగుకు పిలిచాను. ఆయన వెనక్కి వచ్చాడు. ఇవతలికి కాదు; గొలుసు బిగిసే చోటిదాకా. అక్కడ నిలబడి, పిడిని నేల మీద పెట్టి, ఒక పుల్లను పిడి రంధ్రంలోంచి మట్టిలోకి దింపాడు. పని మీద ఉన్నంతకాలం ఆయన ఒక్కసారి కూడా పుల్ల నాటకుండా పిడి వదల్లేదు.

“ఇరవై ఎనిమిది,” అని వినపడింది. కళ్ళంలో కొలిచినట్టే, నిదానంగా.

ఇరవై ఐదుకు లాగమన్నాను. వెనక మనిషి లాగాడు. గొలుసు రాలేదు, పుల్ల గట్టిగా దిగి ఉంది. ఆమె వాడి చెయ్యి పట్టుకుని, ఆపన్నా, అంది. ఇరవై ఆరుకు లింకులు అటు జారడం మొదలైంది. వాడి మణికట్టుకు కట్టిన తువ్వాలు బిగుసుకుపోయింది, ముడి రావడం లేదు. నేను పరుగున వెళ్ళి జేబుకత్తితో తువ్వాలు కోసేలోపు వాడు మూడడుగులు ఈడ్చుకుపోయాడు. నా కత్తికి తువ్వాలు తెగడం, గొలుసు తెగడం ఒకేసారి జరిగాయి. మేం ముగ్గురం మట్టిలో కూర్చుండిపోయాం. చేతికి వచ్చిన గొలుసులో అరవై లింకులు ఉన్నాయి. చివరి లింకు కొస అద్దంలా నున్నగా, ఎండలో వేడెక్కిన ఇనుములా కాక, చల్లగా ఉంది.

శనివారం నందిగామలో గొలుసు సంగతీ మనిషి సంగతీ రాసి ఇమ్మన్నారు. మనిషి గురించి నాలుగు కాగితాలు రాసి చించాను. అయిదోదాని మీద, చెప్పకుండా పని మానేసి వెళ్ళిపోయాడు అని రాశాను. ఆ వాక్యంతో ఆయనకు రావలసిన కూలి ఆగిపోతుందని నాకు తెలుసు, తెలిసే రాశాను. ఆ కూలి నా చేతి నుంచి ఇవ్వబోతే ఆమె తీసుకోలేదు. ఆయన పని మానలేదుగా, అంది. ఇరవై ఎనిమిది అని చెప్పే వెళ్ళారు.

మే నెలలో కొత్త గొలుసుతో వేరే మనుషులు అదే గీతను రెండు వైపులా, అదే వేళకు కొలిచారు. 4,312; రెండోసారి కూడా 4,312. నేను రెండుసార్లు వెళ్ళి, వెనక మనిషిని బతిమాలి తీసుకువెళ్ళి, లాభం అని మొదలుపెట్టి కొలిపించాను. నలభై మూడు గొలుసుల పన్నెండు అడుగులే. తరవాత కాలువ గీతను నేల ఎత్తుపల్లాల కారణంగా మూడువందల అడుగులు దక్షిణానికి జరిపారు. ఆ కారణం నిజమైనదే. నా లెవెళ్ళే దానికి ఆధారం.

జ్యేష్ఠంలో పుట్టింటివాళ్ళు వచ్చారు. ఆమె కర్మ చేయనివ్వలేదు. ఉన్న మనిషికి కర్మ ఏంటి, అన్నదట. ఆమెకు మతి చెదిరిందని వాళ్ళు వెళ్ళిపోయారు, మళ్ళీ రాలేదు. నేను ఆ చుట్టుపక్కల పని చేసినన్నాళ్ళు ఏడాదికి ఒకసారి వెళ్ళి చూసి వచ్చేవాణ్ణి. కూలికి పోయి బతికింది. నేను వెళ్ళినప్పుడల్లా మంచినీళ్ళిచ్చి ఒకే ప్రశ్న అడిగేది: మీ అద్దంలో ఇంకేమన్నా కనపడ్డదా అని. లేదని చెప్పేవాణ్ణి. 1968లో, చేతులనిండా గాజులతోనే పోయింది.

నూరడుగుల గొలుసు ఒకటి. తిరిగి అప్పగించినవి అరవై లింకులు. ఇనుప పుల్లలు పదిలో ఏడు. గొలుసు కింద నా జీతంలో కోసినది పద్దెనిమిది రూపాయలు. పెద్దాయనకు చెల్లించని కూలి పదకొండు రోజులది. ఫీల్డు బుక్కులో కొట్టేసిన అడుగులు నూరు. ఆ ఇంటికి లేకుండా పోయిన మగవాళ్ళు ఇద్దరు.